మగపెళ్ళివారి ఆడపీతలు

ఈ మధ్య మా ఊళ్ళో తెలుగు పిల్లలు ఎవరు ఎదురుపడినా నన్ను ఒకటే అడుగుతున్నారు: "ఆంటీ, పీతలు పట్టడానికి ఏ పియర్ మంచిది?" ఏ నెలలో పట్టొచ్చో అడగరు. ఏవి పట్టకూడదో అసలే అడగరు. చదువుకోవడానికి వచ్చి, టొరంటో పక్క స్కార్‌బరో చలిలో బస్సుల కోసం నిలబడి నిలబడి, చివరికి ఏదో ఉద్యోగం దొరికి ఈ పడమటి తీరానికి చేరినవాళ్ళు. సముద్రం కనబడగానే ప్రాణం లేచివస్తుంది. నాకూ అలాగే వచ్చింది కాబట్టి వాళ్ళని ఏమీ అనను. కూర్చోబెట్టి, టీ ఇచ్చి, మా వియ్యంకుడిగారి కథ చెబుతాను. అది విన్నాక ఎవరూ బోర్డు చదవకుండా వల వేయరు.

నేను బ్రిటిష్ కొలంబియాలో ఫిషరీస్ ఆఫీసరుగా పనిచేసి రిటైరయ్యాను. బూట్లు, యూనిఫారం, జేబులో పీతని కొలిచే ప్లాస్టిక్ కొలత. కాకినాడలో పుట్టిన ఆడపిల్లకి ఇదేం ఉద్యోగమని మా బంధువుల్లో చాలామంది బాధపడ్డారు. నేను మాత్రం ఒక్కరోజు కూడా బాధపడలేదు. ఎండాకాలం శని, ఆదివారాల్లో నా డ్యూటీ ఎక్కువగా ఒక పియర్ మీద ఉండేది. పియర్ అంటే సముద్రంలోకి పొడుగ్గా వేసిన చెక్క వంతెన. దానికి రెండువైపులా జనం బోనులూ వలలూ తాళ్ళతో దింపి కూర్చుంటారు. పంజాబీ లారీ డ్రైవర్లు, వియత్నాం మామ్మలు, గడ్డాల తెల్లవాళ్ళు, ఫిలిప్పీన్స్ నుంచి వచ్చిన తాతలు. అమ్మకానికి కాదు, సరదాకీ, ఆ పూట కూరకీ.

సరదా కదా అని నియమాలు లేకుండా పోవు. లైసెన్సు ఉండాలి. ఆ చోట ఆ నెలలో పట్టడానికి అనుమతి ఉందో లేదో ముందే చూసుకోవాలి, కొన్ని చోట్ల చలికాలమంతా మూసేస్తారు. రోజుకి ఇన్నే అని లెక్క ఉంటుంది. అన్నిటికన్నా ముఖ్యం, మగపీతని మాత్రమే ఉంచుకోవాలి, అదీ డిప్ప వెడల్పు కొలతకి సరిపోతేనే. తిరగేసి చూస్తే పొట్ట కింద మడత సన్నగా ఉంటే మగది, వెడల్పుగా ఉంటే ఆడది. ఆడదాన్ని ఎంత పెద్దదైనా నీళ్ళలోకి వదిలేయాలి. పియర్ మొదట్లోనే ఇదంతా బొమ్మలతో సహా పెద్ద బోర్డు మీద రాసి ఉంటుంది. ఆ బోర్డు దాటి వెళ్ళినవాడికి తెలియదనే మాట చెల్లదని నేనూ, నాతో పనిచేసే అబ్బాయీ ఒక పద్ధతి పెట్టుకున్నాం. పొరపాటైతే టికెట్టే, అంటే జరిమానా కాగితం. దేశం, భాష, వయసు ఏదీ చూసేవాళ్ళం కాదు.

ఆ అబ్బాయి అని అలవాటుగా అంటున్నాను కానీ, తలుపు నిండేంత మనిషి. ఫిజీలో పుట్టాడు. ముత్తాతలు ఎప్పుడో చెరుకు తోటల్లోకి వెళ్ళిన తెలుగువాళ్ళు. అతనికి మిగిలిన తెలుగు అమ్మ, నాన్న, అన్నం, గోవిందా. ఆ నాలుగు మాటలతోనే నాకు చుట్టమైపోయాడు. మేమిద్దరం హిందీ, ఇంగ్లీషు కలిపి మాట్లాడుకునేవాళ్ళం, నన్ను దీదీ అనేవాడు. జనం చెప్పే సాకులు పోగుచేయడం అతని సరదా. పియర్ మీద రోజూ కూర్చునే ఒక ఫిలిప్పీన్స్ తాతగారు ఒకసారి అన్నారట, "నేను పట్టినప్పుడు దీని సైజు సరిపోయింది ఆఫీసర్, మిమ్మల్ని చూసి భయంతో ముడుచుకుపోయింది" అని. ఆయనకి అప్పుడూ టికెట్ తప్పలేదు.

ఇలా ఉండగా మా అమ్మాయికి పెళ్ళి కుదిరింది. పిల్లలిద్దరూ ఒకే ఆఫీసు, వాళ్ళే నచ్చుకున్నారు. మేం పెద్దవాళ్ళం వెనక నుంచి పరుగెత్తుకొచ్చి ముందు నిలబడ్డాం, అంతే. పెళ్ళికొడుకు తండ్రిది కడప వైపు, తల్లిది నర్సాపురం. కడిగిన ముత్యాల్లాంటి మనుషులు. మా ఆయనకి మాత్రం మగపెళ్ళివారంటే పులిని చూసినంత భయం. ఆయన లెక్కలో ఆడపెళ్ళివారంటే తాళి కట్టేదాకా వంగి, కట్టాక ఇంకొంచెం వంగాలి. నా ఉద్యోగం గురించి వాళ్ళు అడిగితే "ఫిషరీస్ డిపార్ట్‌మెంట్ అండీ" అని అక్కడితో ఆపేశాడు. వాళ్ళు నేనేదో చేపపిల్లల్ని పెంచే ఆఫీసులో పనిచేస్తాననుకున్నారు.

తాంబూలాలు పుచ్చుకోవాలని అనుకున్న వారం వియ్యంకుడిగారు ఫోన్ చేశారు.

"చెల్లెమ్మా, హోటల్లో ఏముందమ్మా, పియర్ పక్కన పార్కులో పెట్టుకుందాం. మీరేమో చేపల డిపార్ట్‌మెంటు. మీకోసం ఎండ్రకాయలు నేనే స్వయంగా పడతా. ఈ సమ్మర్ నేర్చుకున్నాలే."

నా వృత్తి ఊరుకుంటుందా? "లైసెన్సు ఉందా అన్నయ్యగారూ?" అన్నాను.

"భలేదానివే! లామినేషన్ కూడా చేయించినా!"

అంత పద్ధతిగల మనిషి మిగతావి కూడా చదివే ఉంటారనుకున్నాను. ఫోన్ పెట్టేసి, ఏ చీర కట్టుకోవాలా అని ఆలోచనలో పడ్డాను.

ఆదివారం మేం వెళ్ళేసరికి వాళ్ళు పియర్ మీద ఉన్నారు. ఎండ కాస్తోంది, నీళ్ళు మెరుస్తున్నాయి. వియ్యంకుడిగారు పంచె మోకాళ్ళ పైకి ఎగ్గట్టి, తాడు లాగుతూ దొరలా నిలబడి ఉన్నారు. ఎరగా కోడి కాళ్ళు కట్టారు, వాటికి అల్లం వెల్లుల్లి పట్టించారు. వియ్యాలవారి కూరలోకి వచ్చే పీతలు చప్పిడి కోడి తినకూడదట. ఆయన భార్య, మా వదినగారు, చిన్న పీట వేసుకుని, పక్కన బేసిన్ పెట్టుకుని కూర్చుంది. ఆ బేసిన్‌లోకి తొంగిచూశాను.

బేసిన్ నిండా ఆడపీతలు. ఒక్క మగది లేదు.

"చూశారా వదినగారూ!" అంది ఆవిడ సంబరంగా. అప్పుడే ఒకదాని డిప్ప ఊడదీసి లోపల ఎర్రగా ఉన్న గుడ్డు చూపించింది. "గుడ్డున్నవే ఏరాను. ఈయన మగవాటిని పెద్దపెద్దవి లాగారండీ, ఒక్కోటి పళ్ళెమంత. అన్నీ నీళ్ళలోకి పారేయించాను. ఎంత పెద్దవైతే ఏం, వాటిలో ఏం ఉంటుందండీ, డొల్ల! వియ్యాలవారికి అవి పెడతామా?"

చట్టం ఉంచుకోమన్నవన్నీ వదిలేసి, వదలమన్నవన్నీ ఉంచుకున్నారు. అంత కచ్చితంగా తిరగేసి పాటించడం చేతనైనవాళ్ళని నా సర్వీసులో మళ్ళీ చూడలేదు. ఆవిడ ఎంత ప్రేమగా ఏరిందో నాకు తెలుసు. మా కాకినాడలోనూ పీతని తిరగేసి పొట్ట వెడల్పు చూశాకే బేరం మొదలుపెడతారు. చిన్నప్పుడు ఆ ఎర్రగుడ్డు కోసం మా అక్కా నేనూ జుట్టు పట్టుకుని కొట్టుకున్నాం.

తలెత్తి చూశాను. పియర్ మీద అందరూ నన్నే చూస్తున్నారు. చీరలో ఉన్నా గుర్తుపట్టారు. ఫిలిప్పీన్స్ తాతగారు చేతులు కట్టుకుని, "ఆఫీసర్, ఈరోజు డ్యూటీ లేదా?" అని ఇంగ్లీషులో చాలా మర్యాదగా అడిగారు.

మా ఆయనకి సంగతి అర్థమైపోయింది. నా మోచెయ్యి పట్టుకుని పక్కకి లాక్కెళ్ళాడు.

"ఈ ఒక్కరోజూ కళ్ళు మూసుకోవే. నీకు దణ్ణం పెడతాను. సెలవులో ఉన్నావు కదా."

"వాళ్ళందరూ చూస్తున్నారు."

"చూడనీ! మగపెళ్ళివారికి టికెట్ రాసిన ఆడపెళ్ళివారిని ఎక్కడన్నా విన్నావా? తాంబూలాల పళ్ళెం ఇంకా కారులోనే ఉంది. పిల్ల పెళ్ళి చెడగొడతావా?"

మా అమ్మాయి వచ్చి మా మధ్య నిలబడింది. ఇక్కడే పుట్టిన పిల్ల. తెలుగు ప్రతి ముక్కా అర్థమవుతుంది, జవాబు మాత్రం ఇంగ్లీషులోనే. "అమ్మా, యు హావ్ టు డు ఇట్," అంది. మరుక్షణమే నా కొంగు పట్టుకుని "నో, వెయిట్. ప్లీజ్ వెయిట్," అంది. కళ్ళలో నీళ్ళు తిరుగుతున్నాయి. నాకు ముందు నుయ్యి, వెనక గొయ్యి.

నిజం చెబుతున్నాను, ఆ క్షణంలో నాకు చట్టం మీద గౌరవంకన్నా కోపం ఎక్కువ వచ్చింది. బోర్డు మీద కోపం, లామినేషన్ మీద కోపం, పీతల కూర మీద కోపం. కానీ ఈ పియర్ మీదికి రేపు మళ్ళీ బూట్లేసుకుని రావాలి. వచ్చి ఆ వియత్నాం మామ్మ బక్కెట్లో చెయ్యి పెట్టాలి. ఏ మొహంతో పెడతాను?

వెళ్ళి చెప్పేశాను. "అన్నయ్యగారూ, ఆడపీతల్ని ఉంచుకోకూడదు. నేను ఇక్కడ ఆఫీసర్ని. చుట్టాల కేసు నేను చూడకూడదు, డ్యూటీలో ఉన్నవాళ్ళని పిలవాలి. పిలుస్తున్నాను. నన్ను క్షమించండి."

ఆయన తాడు వదిలేశారు. మొహం మొదట తెల్లబోయింది, తర్వాత ఎర్రబడింది. "నాకు టికెట్టా? మీకు వండిపెట్టాలని పొద్దుననంగా ఎండలో నిలబడితే నాకు టికెట్టా?" అన్నారు. భార్యవైపు తిరిగి, "సామాన్లు సర్దు, ఆ కాగితమేదో అయిపోగానే పోదాం," అన్నారు. మడత కుర్చీలు తీసుకెళ్ళి కారులో పెట్టడం మొదలుపెట్టారు. ప్రతి కుర్చీకీ మా అమ్మాయి పెళ్ళి ఒక అడుగు దూరం జరుగుతున్నట్టు ఉంది నాకు. పెళ్ళికొడుకు ఆయన వెనక పరుగెత్తి, "డాడ్, బోర్డు చదవమని చెప్పానా లేదా," అని వేడి నూనెలో నీళ్ళు పోశాడు.

నేను ఫోన్ చేశాను.

"దీదీ, ఈరోజు మీ ఇంట్లో ఫంక్షన్ కదా?" అన్నాడు మా ఫిజీ అబ్బాయి.

"ఫంక్షన్‌లోనే ఉన్నాను. ఒక కేసుంది, నువ్వు రావాలి."

"ఎవరి మీద?"

"పెళ్ళికొడుకు తండ్రి మీద."

"దీదీ, ఇంకోసారి చెప్పండి," అన్నాడు. మళ్ళీ చెప్పాను. బతికున్నవాటికి ఫోటోలు తీసి వెంటనే నీళ్ళలో వదిలేయమని, తను బయల్దేరుతున్నానని అన్నాడు.

నేను ఫోటోలు తీసి, వదినగారి పక్కన నేల మీదే పట్టుచీరతో చతికిలపడ్డాను. ఆవిడ బేసిన్‌వైపే చూస్తోంది.

"మా నర్సాపురంలో గుడ్డు లేని పీత తెస్తే మా నాయనమ్మ గుమ్మం ఎక్కనిచ్చేది కాదండీ," అంది నెమ్మదిగా. "ఇక్కడ ఎందుకొద్దంటారు?"

"ఈ గుడ్డే ముదిరి కడుపు కిందికి వస్తుంది వదినగారూ. చలికాలమంతా ఇసుకలో కూరుకుపోయి దాన్ని మోస్తుంది. మళ్ళీ ఈ పియర్ కిందికి వచ్చే పీతలన్నీ వీటి పిల్లలే. మగవాటిని కొన్ని తీసినా పర్వాలేదు. వీటిని తీసేస్తే ఇక రావు."

ఆవిడ బేసిన్‌లోంచి ఒకదాన్ని తీసి తిరగేసి చూసింది. "కడుపుతో ఉన్నవాళ్ళని తెచ్చి కూర్చోబెట్టానన్నమాట," అంది. సంచిలోంచి కుంకుమ భరిణె తీసింది. "ఒకదాన్ని ఎలాగూ చంపుకున్నాను. మిగతావాళ్ళని బొట్టు పెట్టకుండా పంపితే నాకు మనసొప్పదండీ. మీరు పట్టుకోండి."

ముప్పై ఏళ్ళు ఆ శాఖలో పనిచేశాను, అలాంటి పని ఏ నియమాల పుస్తకంలోనూ లేదు, వద్దని కూడా లేదు. గోళ్ళు అందకుండా వెనకనుంచి నేను పట్టుకుంటే, ఒక్కోదాని వీపు మీద ఆవిడ ఉంగరం వేలితో కుంకుమ అద్దింది. అద్దినదాన్ని అద్దినట్టు బోనులో పెట్టి, తాడుతో కిందికి దింపి, నీళ్ళలో తలుపు తెరిచాం. అవి పక్కగా నడుచుకుంటూ వెళ్ళిపోయాయి. ఒకటి మాత్రం వెళ్తూ వెళ్తూ నా వేలిని గట్టిగా పట్టింది, ఆవిడ "అయ్యో, ఆడపడుచు!" అని నవ్వింది. నాకూ నవ్వు వచ్చింది.

వియ్యంకుడిగారు దూరంనుంచి ఇదంతా చూశారు. "బొట్టొకటే ఎందుకు, జాకెట్ ముక్కలు కూడా పెట్టి పంపు!" అని అరిచారు. వదినగారు తల కూడా తిప్పలేదు. "తెస్తే పెట్టేదాన్నే," అంది.

మా ఫిజీ అబ్బాయి వచ్చాడు. మిగిలిపోయిన ఆ ఒక్క డిప్పా చూశాడు, ఫోటోలు చూశాడు, ఏ చుట్టరికానికీ నవ్వు మొహం పెట్టకుండా టికెట్ బుక్కు తీశాడు. వియ్యంకుడిగారు లామినేషన్ చేసిన లైసెన్సు అతని చేతిలో పెట్టి, చుట్టూ చూసి, ఇక ఉండబట్టలేక ఇంగ్లీషులో గొంతెత్తారు.

"ఇంతమంది ఉన్నారిక్కడ. నేనొక్కడినేనా దొంగని?"

ఫిలిప్పీన్స్ తాతగారు తన తాడు కట్టేసి, నిదానంగా చెయ్యి ఎత్తారు. "నాకు రెండు టికెట్లు, సర్."

ఆయన పక్కనున్న వియత్నాం మామ్మ ఎత్తింది. ఆ పక్కన పంజాబీ డ్రైవరు. "మేరా భీ ఏక్." గడ్డం తెల్లాయన రెండు చేతులూ ఎత్తాడు. తిలాపాపం తలా పిడికెడు అన్నట్టు పియర్ చివరిదాకా చేతులు లేస్తూ పోయాయి. ఎవరి మొహంలోనూ సిగ్గు లేదు, ఏదో క్లబ్బులోకి కొత్త మెంబర్ని పిలుస్తున్నట్టు నవ్వుతున్నారు.

"అందరికీ ఎవరిచ్చారు?" అన్నారు వియ్యంకుడిగారు.

అన్ని వేళ్ళూ నావైపు తిరిగాయి. "ఈమే," అన్నారు తాతగారు. "వాన పడినా ఈమే."

అప్పుడు జరిగింది నేను అస్సలు ఊహించనిది. మా ఆయన, ఆ పిరికిమనిషి, కార్ల దగ్గరనుంచి నడుచుకుంటూ వచ్చి, వియ్యంకుడిగారి ఎదుట నిలబడి, మెల్లగా తన చెయ్యి కూడా ఎత్తాడు. ఆ సంగతి మా ఇంట్లో మూడో మనిషికి తెలియదు. నేనెన్నడూ ఎవరికీ చెప్పలేదు.

"బావగారూ, మీకూనా?" అన్నారు వియ్యంకుడిగారు.

"నాకూను, బావగారూ. సైజు తక్కువ పీత. వేలెడు కూడా తక్కువ లేదు. ఇదిగో ఈ అబ్బాయినే పిలిపించి రాయించింది. ఆ రాత్రి నాకు పప్పన్నమే."

వియ్యంకుడిగారు ఆయన్ని చూశారు, నన్ను చూశారు. మొదట భుజాలు కదిలాయి. తర్వాత పియర్ కమ్మీ పట్టుకుని, వంగిపోయి, కళ్ళు తుడుచుకుంటూ నవ్వారు. "కట్టుకున్న మొగుణ్ణే వదల్లేదంటే ఇంక నేనెంతప్పా!" అన్నారు. ఆయన నవ్వుతున్నారని తెలిసినా నా గుండె ఇంకా కుదుటపడలేదు. నవ్వి వెళ్ళిపోయేవాళ్ళు కూడా ఉంటారు. కుర్చీలు కారులోనే ఉన్నాయి.

మా ఫిజీ అబ్బాయి గొంతు సవరించుకున్నాడు. "సర్, చివరగా ఒకటి రాసుకోవాలి. కేసు చెప్పింది మా ఆఫీసరే కాబట్టి. ఈమె మీకేమవుతారు? ఏమీ కాకపోతే అదే చెప్పండి."

పియర్ మీద అందరూ ఆగారు. మన వరసలు తెలియని తాతగారు కూడా ఆ ప్రశ్న బరువేమిటో పట్టేశారు. మా అమ్మాయి నా చెయ్యి పట్టుకుంది. అప్పటిదాకా ఆయన మా పిల్లని పేరు పెట్టే పిలిచేవారు, తాంబూలాలు అయ్యేదాకా వరస కలపకూడదని ఆయన పట్టింపు.

ఆయన మోకాళ్ళ మీది పంచె కిందికి దించుకుని, మా అమ్మాయివైపు చూశారు.

"రాసుకోండి," అన్నారు. "మా కోడలి తల్లి."

వదినగారు తాంబూలాల పళ్ళెం కోసం కారు దగ్గరికి పరుగెత్తింది. నేను సముద్రంవైపు తిరిగి నిలబడ్డాను. యూనిఫారంలో ఉన్నప్పుడు ఏడవకూడదని ఉద్యోగంలో చేరినరోజే ఒట్టు పెట్టుకున్నాను, చివరిదాకా నిలబెట్టుకున్నాను కూడా. ఆరోజు చీరలో ఉన్నాను.